బతికుండగా వేసిన ధూపం

ఫ్నాంపెన్,
ఫిబ్రవరి 1990

బట్టంబాంగ్ పెద్ద బజారులో చేప పులుసు సేమ్యా అమ్మే ఈం పిన్నిగారికి,

మీరు నన్ను ఎరగరు. పరిచయం చేసుకోకముందే కాళ్ళ మీద పడాల్సిన పని చేశాం కాబట్టి ముందు అదే చెప్పేస్తాను. పోయిన గురువారం మేమంతా కలిసి మీకు ధూపం వేశాం. చనిపోయినవాళ్ళతో కలిపి.

నా పేరు కొలాప్. నాకు సినిమాలో కథానాయిక వేషం దొరికింది. వీడియో టేపు మీద తీసే దయ్యాల బొమ్మ కాదు పిన్నీ, అసలైన ఫిల్ము మీద, పెద్ద కెమెరాతో, మన మనుషులతో, మన భాషలో తీసేది. మీ రోజుల్లో ఇలాంటివి ఎన్ని వచ్చేవో గానీ నా ఈడువాళ్ళకి ఇది కలలో కూడా లేని మాట. దర్శకుడు పెన్ సారిన్ బాబాయి. పాత రోజుల్లో లైట్లు మోసేవాడట. అప్పటివాళ్ళలో మిగిలింది తానొక్కడేనని ఆయన నమ్మకం.

మొదటి షాటుకి ముందు గురుపూజ పెట్టాం. తెల్లగుడ్డ మీద ఉడికించిన పంది తల, అరటిపళ్ళు, కొవ్వొత్తులు, అత్తరు, పక్కనే కెమెరా. సారిన్ బాబాయి గుర్తు తెచ్చుకుంటూ పోయిన గురువుల పేర్లు చెబుతుంటే పూజ చేయించే ఆచార్ తాత ఒక్కొక్కరినే పిలిచాడు. పేరుకో అగరొత్తి. ఎంతకీ అయిపోలేదు. నటులు, పాటగాళ్ళు, కెమెరా పట్టినవాళ్ళు, పోస్టర్లు గీసినవాళ్ళు. ఒక దేశపు సినిమా మొత్తం, అగరొత్తులు గుచ్చిన ఒక ఇసక పళ్ళెంలోంచి పొగగా లేచింది. చిట్టచివర, పాత రోజుల మహానటి పేరు, 'తెప్ మొరొకోత్' అన్నాడు బాబాయి. అని, భోరుమన్నాడు.

ఆ అగరొత్తి ఆరిపోయింది. మళ్ళీ వెలిగిస్తే మళ్ళీ ఆరింది. కెమెరా తిప్పబోతే లైట్లు ఢామ్మని పేలాయి. అప్పుడు, జనరేటరు తెచ్చిన లారీ డ్రైవరు థోల్ అన్న ముందుకొచ్చాడు.

"ఎవరూ, పోస్టర్లో ఎడమ కనుబొమ మీద పుట్టుమచ్చ ఉండేదే, ఆవిడా? ఆవిడ పోవడమేంటండీ బాబూ! మొన్ననే ఆవిడ చేతి సేమ్యా తిన్నాను. పులుసు ఇంకాస్త పొయ్యమంటే గరిటె చూపించింది! బజారులో ఈం అంటారు గానీ, నా కళ్ళు నన్ను మోసం చెయ్యవు."

ఆచార్ తాత ముఖం పాలిపోయింది. బతికున్న గురువుని పోయినవాళ్ళ వరసలో పిలిస్తే, ఆ గురువు తన నోటితో క్షమించేదాకా పని సాగదట. అందుకే రాస్తున్నాను. మీరు మొరొకోత్ గారే అయితే ఒక్క మాట రాసి పంపండి. కాకపోతే, మీ పేరు మీద ఇంత అల్లరి చేసినందుకు ఈం పిన్నిగా అయినా మన్నించండి.

మీ
కొలాప్


బట్టంబాంగ్,
మార్చి

అమ్మాయీ కొలాప్,

నువ్వు రాసిన పేరుగల మనిషి ఈ బజారులో లేదు. ఆవిడ ఎప్పుడో పోయింది. మీరు వేసిన ధూపం సరిగ్గానే వేశారు, తప్పేమీ జరగలేదు, క్షమాపణలతో కాగితం ఖరాబు చెయ్యకు. థోల్ కళ్ళ సంగతంటావా, వాడికి పులుసులో చేప ముక్క కూడా కనపడదు.

ఒక్కటి మాత్రం అడుగుతాను. ఆ పంది తల ఎవరు తిన్నారు? నా పేరు చెప్పి పెట్టారని థోల్ ఊరంతా చాటుతున్నాడు కదా, కనీసం ఒక చెవైనా నాకు పంపాలన్న బుద్ధి మీకెవరికీ పుట్టలేదా? మా బజారులో మర్యాద అలా ఉండదు.

అయినా లైట్లు పేలడానికి ఆత్మలెందుకు? ఆ సారిన్ తీగలు ఎప్పుడూ అలాగే మెలిపెట్టేవాడు. తడి చేతులతో ముట్టుకోవద్దని ఎన్నిసార్లు చెప్పించుకున్నాడో.

ఇక రాయకు. పని చూసుకోండి.

ఈం


ఫ్నాంపెన్,
ఏప్రిల్

ఈం పిన్నికి,

రాయవద్దన్నారు, రాస్తున్నాను. మీ ఉత్తరం సారిన్ బాబాయికి చదివి వినిపించాను. తీగల మాట దగ్గర పకపకా నవ్వాడు. నవ్వుతూనే గోడ వైపు తిరిగాడు. "ఈ తిట్టు నాకు తెలుసమ్మా, ఈ తిట్టు తిని పదిహేనేళ్ళు దాటింది" అన్నాడు. తిట్టడం కూడా క్షమించడం కిందికే వస్తుందని ఆచార్ తాత తీర్పు చెప్పాడు. థోల్ అన్నతో కాల్చిన పంది చెవులు పంపుతున్నాం. దారిలో ఆయన తినేస్తే మా పూచీ లేదు.

పిన్నీ, ఒక సంగతి చెప్పకుండా ఉండలేకపోతున్నాను. పారిస్‌లో ఉండే ఒక పెద్దాయన తన పెట్టెలో మిగిలిన పాత ఫిల్ము తునక ఒకటి తెచ్చిచ్చాడు. గోడ మీద దుప్పటి కట్టి వేసుకుని చూశాం. ఒకావిడ తామరపూలు గుండెకి హత్తుకుని చెక్క వంతెన మీద నడుస్తూ వచ్చి, మధ్యలో ఆగి, ఎవరో పిలిచినట్టు వెనక్కి చూస్తుంది. అంతే. శబ్దం లేదు. ముందూ వెనకా ఏముందో ఎవరికీ తెలీదు. కానీ ఆవిడ వెనక్కి చూసినప్పుడు మా గదిలో ఉన్నవాళ్ళందరం వెనక్కి తిరిగి చూశాం! తర్వాత ఎవరూ చెప్పకుండానే అందరం నేల మీద కూర్చుని చేతులు జోడించాం. మనిషి ముఖానికి అంత శక్తి ఉంటుందని నాకు అప్పటిదాకా తెలీదు. ఆవిడ ఎవరో మీకు రాయను. అలాంటి మనిషి మీ బజారులో లేదన్నారుగా.

నా సంగతి కూడా కొంచెం చెబుతాను. ఇన్నాళ్ళూ నేను సినిమా హాల్లో తెర పక్క గదిలో మైకు ముందు కూర్చుని, ఇండియా సినిమాలకి ఆటాటకీ మన భాషలో గొంతిచ్చేదాన్ని. కథానాయిక నేనే, అత్తగారూ నేనే, పసిపిల్లా నేనే. ఆ ఇండియా ఆడవాళ్ళు ఎంతెంత ఏడుస్తారో మీకు తెలుసుగా. ఆ ఏడుపులన్నీ నావే. హాలంతా ముక్కులు చీదుకునేది. నేను మాత్రం మధ్యమధ్యలో పుచ్చగింజలు ఒలుచుకునేదాన్ని.

చిక్కంతా అక్కడే వచ్చింది. నా గొంతు ఏడుస్తుంది గానీ నా ముఖం ఏడవదు. మా కథలో నేను సరస్సు మీద ఇల్లు కట్టుకున్న చేపలవాడి పెళ్ళాన్ని. మొగుడు మునిగిపోయాడని కబురొస్తుంది. అక్కడ ఏడవాలి. సినిమా మొత్తం ఆ సీను మీదే నిలబడింది. నాకు రావడం లేదు. నల్లబట్టలవాళ్ళు తుపాకులతో దేశాన్ని ఏలి అందర్నీ పొలాలకి తోలిన కాలంలో నేను పిల్లల దళంలో ఉన్నాను. ఏడ్చిన పిల్లల్ని పక్కకి తీసుకెళ్ళేవాళ్ళు. మళ్ళీ తెచ్చేవాళ్ళు కాదు. నా కళ్ళు అప్పుడు నేర్చుకున్నది మర్చిపోవడం లేదు.

ఫిల్ము మాకు చాలా తక్కువ ఉంది. ఆ సీనుకి ఒకే ఒక్క టేకు. వానాకాలం ముగిసేలోగా నాకు ఏడుపు రాకపోతే నాట్య పాఠశాల నుంచి ల్యాక్ అనే అమ్మాయిని పెట్టుకుంటారట. ఎలా ఏడవాలో చెప్పండి పిన్నీ. ఈ వేషం పోతే నేను మళ్ళీ ఆ చీకటి గదిలోకి పోయి పరాయివాళ్ళ నోళ్ళకి మాటలు అతికించుకోవాలి.

కొలాప్


బట్టంబాంగ్,
మే

అమ్మాయీ,

చెవులు అందాయి. ఒకటి తక్కువైంది. థోల్‌ని అడిగితే ఎలుక అన్నాడు.

ఆ ఫిల్ము తునక తగలబెట్టండి. బతికున్నవాళ్ళకి అన్నం పెట్టలేనిదాని ముందు చేతులు జోడించి కూర్చోవడం ఏమిటి? ఊరి అవతల నల్లబట్టలవాళ్ళ ఫిరంగులు ఇంకా మోగుతున్నాయి, పడమటి పల్లెలవాళ్ళు మూటలతో వచ్చి మా బజారు అరుగుల మీద పడుకుంటున్నారు. వాళ్ళకి కావలసింది వేడి పులుసు. నేను అది కాచేదాన్ని. ఏడవడం ఎలాగో నన్నడిగితే ఏం చెప్పను? ఉల్లిపాయ తరుక్కో.

ఇంకోసారి ఉత్తరం తెస్తే థోల్‌కి సేమ్యా ఆపేస్తాను.

ఈం


ఫ్నాంపెన్,
జూన్

పిన్నికి,

థోల్ అన్న తన సేమ్యా పణంగా పెట్టి ఈ ఉత్తరం తెస్తున్నాడు. ఆయన్ని ఏమీ అనకండి.

ఉల్లిపాయ తరిగాను. పుదీనా తైలం రాసుకున్నాను. కళ్ళు వాచి చేప కళ్ళలా అయ్యాయి, ముఖం మాత్రం రాయిలాగే ఉంది. ల్యాక్ వచ్చేసింది. మంచి పిల్లే, కోపం తెచ్చుకుందామన్నా రావడం లేదు. మొన్న నా చీరగుడ్డ కొలతకి కట్టుకుని చూసుకుంటూ, "అక్కా, నువ్వే చెయ్యాలని రోజూ దణ్ణం పెట్టుకుంటున్నా. నాకు ఏడుపొస్తుంది గానీ, ఎందుకేడవాలో నాకు తెలీదు" అంది. సారిన్ బాబాయి నా నెత్తి మీద చెయ్యేసి, "తప్పు నీది కాదు తల్లీ. కానీ ఆ మాట కెమెరాకి తెలీదుగా" అన్నాడు.

ఇక ఏడవడం గురించి అడగను. వేరే మాట అడుగుతాను. మొరొకోత్ గారి ముఖం ఊరూరా గోడల మీద ఉండేదట కదా. ముఖం తెలిసినవాళ్ళెవరినీ నల్లబట్టలవాళ్ళు వదల్లేదు. ఈం పిన్ని ఎలా బతికింది?

కొలాప్


బట్టంబాంగ్,
జూలై

కొలాప్,

థోల్‌కి రెండు గిన్నెలు పెట్టాను. వాడికి చెప్పు, ఇది శిక్షేనని.

నువ్వు అడిగినదాన్ని ఇంతవరకూ ఎవరూ అడగలేదు. అడగరు. ఇక్కడ ఎవరూ ఎవర్నీ అడగరు.

నల్లబట్టలవాళ్ళు ఊళ్ళు ఖాళీ చేయించిన రోజు నేను ముఖానికి మసి పూసుకుని, కనుబొమ మీద మచ్చని నిప్పుతో కాల్చుకున్నాను. సగమే పోయింది. దారిలో ఒక సేమ్యా అమ్మేదాని పక్కన నడిచాను. పేరు ఈం. ఆవిడ నడక, ఆవిడ తుమ్ము, ఆవిడ తిట్లు, అన్నీ నేర్చుకున్నాను. వర్షాలకి ముందే ఆవిడ పోయింది. నేను ఆవిడనయ్యాను. రోజూ పొద్దున లేచి మా పొలం దళం నాయకురాలి ఎదుట అక్షరం రాని ఈంగా నిలబడేదాన్ని. నీ తామరపూల వంతెన ఎందుకూ పనికిరాదమ్మాయీ. నేను చేసిన అసలు వేషం అది. దానికి కట్ చెప్పేవాడు ఉండడు. చప్పట్లు ఉండవు. బతికితే బాగా చేసినట్టు.

నాకు ఒక కూతురు ఉండేది. కేవ్. పాలపళ్ళు ఊడుతున్న వయసు. తనని పిల్లల గుడిసెలో పెట్టారు, నా బిడ్డని ఎవరికీ తెలియనివ్వలేదు. ఒకరోజు మేం నారు నాటుతుంటే ఒక మనిషి గట్టు మీదికొచ్చి నాయకురాలితో ఏదో చెప్పాడు. గాలి నా వైపే వీస్తోంది. పేరు వినబడింది, జ్వరం అన్న మాట వినబడింది, రాత్రే పాతిపెట్టామన్నది కూడా వినబడింది. నేను తలెత్తలేదు. ఈంకి పిల్లలు లేరు మరి. నాయకురాలు మా అందరి ముఖాలూ చూస్తోంది. నేను నాటుతూనే ఉన్నాను. నా ముఖం మీద ఏమీ లేదు, చెమట తప్ప.

గట్టు దాకా నాటి, నడుం ఎత్తి వెనక్కి చూశాను. నా వరస నారంతా తలకిందులుగా ఉంది. ఆకులు బురదలో, వేళ్ళు ఆకాశానికి. ఒక్కటి కూడా తిన్నగా లేదు. ముఖాన్ని ఆపగలిగాను గానీ చేతుల్ని ఆపలేకపోయాను.

అది నాయకురాలి కంట పడితే నా పని అయిపోయేది. నా పక్క వరసలో ఒకామె ఉంది. ఆవిడ చూసింది. వంగి, నా వరస మొదటికి పోయి, ఒక్కొక్కటే పీకి తిన్నగా నాటుకుంటూ వచ్చింది. ఆవిడ పేరు నాకు ఇప్పటికీ తెలీదు. ఆవిడని తలుచుకుంటే ఇప్పటికీ నా గుండె నిండిపోతుంది. నన్ను అంతగా చూసిన ప్రేక్షకురాలు మరొకరు లేరు.

ఏడవడం నీకు నేర్పలేను. నాకూ అప్పటినుంచి రాలేదు. ముఖాన్ని వదిలేసి చేతుల్ని అడుగు. అవి ఏం చేస్తే అది చెయ్యనివ్వు.

ఈ ఉత్తరం సారిన్‌కి చదివి వినిపించకు.

ఈం


ఫ్నాంపెన్,
సెప్టెంబరు

పిన్నికి,

ఎవరికీ వినిపించలేదు. కానీ గుండెల్లో పెట్టుకుని సరస్సుకి తీసుకెళ్ళాను.

సీను అయిపోయింది. ఏం జరిగిందో జరిగినట్టు చెబుతాను.

స్తంభాల మీద కట్టిన ఇల్లు. గుమ్మం కిందే నీళ్ళు. మొగుడి కోసం నేను చేప శుభ్రం చేస్తూ ఉండాలి, పొరుగింటి ఆయన పడవ మీద వచ్చి కబురు చెప్పాలి, నేను కత్తి పడేసి గుండెలు బాదుకోవాలి. కథలో అలా ఉంది. "బాబాయ్, నా ముఖం చూడకు, చేతులు చూడు" అన్నాను. ఆయన కెమెరాని కిందికి దించాడు.

కబురు వినిపించింది. నేను పొలుసు గీకడం ఆపలేదు. తోక దాకా గీకాను. మొప్పలు తీశాను. కడుపు చీరి కడిగాను. అంతా నీటుగా చేశాను. తర్వాత ఆ చేపని రెండు చేతులతో ఎత్తి, వంగి, నెమ్మదిగా నీళ్ళలో వదిలాను. అది ఈదుకుంటూ పోతుందని చూస్తూ కూర్చున్నాను.

అలా చేస్తానని నాకే తెలీదు పిన్నీ! ఆ చేప వెల్లకిలా తేలింది. నేను వేలితో దాన్ని తిన్నగా తిప్పాను. మళ్ళీ తేలింది. మళ్ళీ తిప్పాను. కట్ అన్న మాట రాలేదు. రావాలని కూడా అనుకోలేదు. చివరికి కెమెరాలో ఫిల్ము అయిపోయి ట్రక ట్రకమని ఖాళీగా తిరిగింది. అప్పుడు తలెత్తితే, సారిన్ బాబాయి మోకాలి లోతు నీళ్ళలో నిలబడి ఉన్నాడు, చెప్పులతో సహా. జనరేటరు దగ్గర థోల్ అన్న ముఖానికి కండువా కప్పుకున్నాడు. ల్యాక్ వచ్చి నా పాదాలు పట్టుకుని, "అక్కా, ఇప్పుడు తెలిసింది" అంది.

నా కళ్ళు మాత్రం పొడిగానే ఉన్నాయి. నవంబరులో నీళ్ళ పండగకి బొమ్మ విడుదల. తర్వాత మీ ఊరు వస్తుంది. మిమ్మల్ని ఫ్నాంపెన్ రమ్మని అడగను. మీ ఊరి హాల్లోనైనా చూడండి. ఈం పిన్నిగానే చూడండి. నాకు అది చాలు.

మీ శిష్యురాలు
కొలాప్


బట్టంబాంగ్,
డిసెంబరు

నా కొలాప్‌కి,

చూశాను. రాత్రి ఆటకి. దుకాణం మూసేసి, పంది మాంసం అమ్మే చ్రెబ్‌ని వెంటబెట్టుకుని వెళ్ళాను. హాలు పైకప్పు సగం రేకులే, ఇంకో సగం ఆకాశమే. కూర్చోవడానికి సిమెంటు బస్తాలు. అయినా ఎంత జనం! ఊతకర్రలు చంకల్లో పెట్టుకుని వచ్చిన సైనికులు, పల్లెల నుంచి పారిపోయి వచ్చినవాళ్ళు, ఒళ్ళో పిల్లలు.

మొదట్లో మనవాళ్ళ సంగతి తెలుసుగా, తెరతో మాట్లాడారు. నువ్వు నీళ్ళబిందె ఎత్తితే, "ఒలికిపోతోంది చూసుకో పిల్లా!" అని ఒకడు. మీ ఆయన పడవ తోస్తుంటే, "ఒరేయ్, మబ్బు పట్టింది, వెళ్ళకురా!" అని ముసలావిడ అరుపు. చ్రెబ్ అయితే నీ పొరుగింటాయన్ని ముందునుంచీ నమ్మలేదు.

తర్వాత చేప వచ్చింది. హాలు నోరు మూసుకుంది. నువ్వు దాన్ని నీళ్ళలో వదిలినప్పుడు, కొలాప్, ఒట్టేసి చెబుతున్నాను, అది ఈదుతుందని నేను కూడా ఎదురు చూశాను. ఇంత బతుకు బతికి, ఇన్ని సినిమాలు చేసి, తెర మీద చచ్చిన చేప ఈదాలని పళ్ళు బిగించి కూర్చున్నాను. అది వెల్లకిలా పడింది. నువ్వు వేలితో తిప్పావు. వెనక ఎక్కడో ఒక ముసలాయన గొంతు పెగిలింది. ఆ తర్వాత ఒక సైనికుడిది. ఆ తర్వాత హాలంతా. సినిమాకి ఏడ్చే ఏడుపు కాదు అది. ఎవరెవరి పేర్లో పిలుచుకుంటూ ఏడ్చారు. ఇన్నేళ్ళు ఒకర్నొకరు ఏమీ అడగనివాళ్ళు, పక్కవాళ్ళ చేతులు పట్టుకుని ఏడ్చారు. మా వృత్తికి ఇంత చెయ్యగల శక్తి ఉందని నాకు తెలీదు. నా రోజుల్లో పూలదండలు చూశాను గానీ దీన్ని చూడలేదు.

నేనూ ఏడ్చాను. చాలాసేపు. చ్రెబ్ కంగారుపడి, "ఏమైందే ఈం, ఆ పిల్ల నీకేమవుతుంది?" అంది.

"నా శిష్యురాలు."

"ఏం నేర్పావు, సేమ్యా ఒత్తడమా?"

నా అసలు పేరు చెప్పాను. అది నోరు తెరిచి, "ఛీ, అబద్ధాలకోరు! ఆవిడ పోయిందిగా, ఫ్నాంపెన్‌లో ధూపం కూడా వేశారట!" అని గదిమింది. మళ్ళీ నా కనుబొమ దగ్గరగా వచ్చి చూసింది. వేలితో తడిమింది. ఇప్పుడు బజారులో అందరూ నా ముఖం చూడ్డానికే వస్తున్నారు, నా సేమ్యాకి డబ్బిచ్చేవాడు లేడు. దుకాణం మునిగేలా ఉంది.

వచ్చే బొమ్మకి గురుపూజ ఎప్పుడు పెడతారో సారిన్‌ని అడిగి చెప్పు. వస్తాను. తీగలు నేను చూసుకుంటానని చెప్పు. పోయినవాళ్ళ వరసలోంచి నా పేరు తీసెయ్యండి. కానీ నా చోటు ఖాళీగా ఉంచవద్దు. అక్కడ ఆచార్ తాత చేత కేవ్ అని పిలిపించు. పాలపళ్ళ పిల్ల గురువెలా అవుతుందని ఎవరైనా అడిగితే, మన ఇద్దరికీ ఆ సీను నేర్పింది తనేనని చెప్పు. తనకి ఇంతవరకూ ఎవరూ అగరొత్తి వెలిగించలేదు. నేను వచ్చి వెలిగిస్తాను. అది ఆరదు.

తెప్ మొరొకోత్